ఏడో కొంగ

పోయిన వారం మిమ్మల్ని వెనకమెట్ల తలుపు ముందు నిలబెట్టి నేను భోజనానికి వెళ్ళిపోయానని కొందరు తిట్టారట. తిట్టండి. తలుపు ముందే కదా నిలబెట్టాను, మెట్ల మధ్యలో వదిలేయలేదు కదా. ఆ పని ఈ వారం చేస్తాను.

కొత్తగా చేరినవాళ్ళు ఉంటారు కాబట్టి సంగతి ఎక్కడిదాకా వచ్చిందో చెప్పుకుని కదులుదాం. సరిహద్దు అవతలి పెర్పిన్యా నుంచి ఒతీలియా అనే అమ్మాయి మా బార్సిలోనా చూడడానికి వచ్చింది. ముప్పై అయిదేళ్ళ మనిషి, బడిపంతులమ్మ. చేతిలో ఊరి పటం, నోట్లో వాళ్ళమ్మ నేర్పిన పద్యం. వాళ్ళమ్మ పేరు రెమేయ్. ఆ పద్యంలో ఒక ఇల్లుంది, ఇంట్లో రంగుటద్దాల గోడ ఉంది, గోడ మీద ఏడు కొంగలున్నాయి. ఆ ఇంటి కోసం మూడు రోజులు నా మోకాళ్ళు అరగదీసింది. ఇనుప తీగలు పాకిన బాల్కనీలు, పగిలిన పింగాణీ పెంకులు తొడుక్కున్న పొగగొట్టాలు, కాలిబాట పలకల మీద చెక్కిన సముద్రజీవుల బొమ్మలు, ఏదీ వదల్లేదు. వచ్చిపోయేవాళ్ళు తలెత్తుకుని నడుస్తారు, ఊరివాళ్ళం తలొంచుకుని నడుస్తాం. మధ్యలో స్తంభాలకు గుద్దుకునేది మాత్రం నాలాంటి తోడువచ్చినవాళ్ళే.

చివరికి జిరోనా వీధిలో ఇల్లు దొరికింది. మేం కొంగల ఇల్లు అంటాం. పద్యమూ దొరికింది. కానీ దాని కింద రెమేయ్ పేరు లేదు. పుస్తకాల్లో, పిల్లల వాచకాల్లో, ఎక్కడ చూసినా ఆ పద్యం ఆ ఇంటి యజమాని సెన్యోర్ గాస్పార్ విలరెగుత్ రాసినట్టే ఉంది.

రేపు సాంత్ జోర్ది పండగ. ఊరంతా గులాబీలూ పుస్తకాలూ పట్టుకుని తిరిగే వేళ, సరిగ్గా పన్నెండింటికి, ఆ పద్యాన్ని పింగాణీ పలకల మీద ఆ ఇంటి గుమ్మం పక్కన పెడతారు. పద్యం పలకలు కాలి సిద్ధంగా ఉన్నాయి. కవి పేరు రాసే పలక ఒక్కటే మిగిలింది. అది ఈ సాయంత్రం ఏడింటికి కుమ్మరి ఆవంలోకి వెళుతుంది. ఈ వ్యవహారమంతా మా పేట సాహిత్య సంఘం కార్యదర్శి సెన్యోరా ఎంగ్రాసియా చేతిలో ఉంది. "రుజువు తెస్తే పేరు మారుస్తాను, కబుర్లు తెస్తే మార్చను" అని ఆవిడ తేల్చేసింది.

అన్నిటికంటే పెద్ద చిక్కు ఇంకోటుంది. ఒతీలియా తొందరపడి, కింద ఎవరి పేరుందో చూడకముందే, "అమ్మా, నీ పద్యం గోడకెక్కుతోంది, వచ్చెయ్" అని ఫోను చేసేసింది. ముప్పై ఏడేళ్ళుగా ఈ ఊళ్ళో అడుగు పెట్టని రెమేయ్ రేపు పొద్దున పదిన్నర రైలు దిగుతోంది, తన పేరు చూసుకోవడానికి.

ఇక నేను బాల్దిరిని. ఒకప్పుడు ఈ పేట ఇళ్ళకు బొగ్గు మోసినవాణ్ణి, ఇప్పుడు కథలు మోస్తున్నవాణ్ణి. మాది ఎంపుర్దా వైపు పల్లె. అక్కడ ఉత్తరగాలి ఎంత గట్టిదంటే, మా గుడిగంట కొడితే పక్క ఊళ్ళో వినబడేది, వెనకూరి గంట మాకు వినబడేది. అందుకే నలభై ఏళ్ళపాటు మేం ఒకరి చావులకు ఒకరం ఏడ్చుకున్నాం. ఈ కథ మా పేటలో అందరూ విన్నారు. అందుకే నన్ను ఎవరూ నమ్మరు. ఈ సంగతి గుర్తుపెట్టుకోండి, మళ్ళీ చెప్పను.

వెనకమెట్ల తలుపు తీసి తెక్లా అడ్డంగా నిలబడింది. ముప్పై ఏళ్ళుగా ఆ ఇంటి కాపలా ఆవిడదే. గుమ్మం పక్క గదిలో కూర్చుని, ఎవరు ఎప్పుడు వచ్చారో, ఏ మొహం పెట్టుకుని పోయారో లెక్క చెప్పగల మనిషి.

"పావుగంట. అంతే," అంది. "పైన సెన్యోర్ గాస్పార్ రేపటి ఉపన్యాసం వల్లె వేసుకుంటున్నారు. చప్పుడైతే నా ఉద్యోగం ఊడుతుంది."

"నీ ఉద్యోగం ఊడితే ఈ వీధిలో సంగతులు ఎవరికి తెలుస్తాయి తెక్లా? పత్రికలు మూతబడతాయి."

"నోరు మూసుకుని ఎక్కు, బొగ్గులాయనా. మధ్యలో ఆగి కథ చెప్పావో, తోసేస్తాను."

ఆ ఇంటికి ముందుమెట్లు ఒక లోకం, వెనకమెట్లు ఒక లోకం. ముందువైపు పాలరాయి, గోడల మీద సున్నం చెక్కి తీసిన పూలు, చెయ్యి వేస్తే జారిపోయే నున్నటి రెయిలింగులు. నిన్న ఒతీలియా ఆ మెట్ల మీద అరగంట నిలబడి నోట్‌బుక్కులో బొమ్మలు వేసుకుంది. వెనకవైపు ఉత్త సున్నం, ఇనుపకడ్డీ, మనిషి భుజాలంత వెడల్పు. పనివాళ్ళూ, చేపలవాళ్ళూ, బొగ్గూ ఎక్కేది అటు నుంచే. ఇల్లు కట్టిన మహానుభావుడు తన తెలివంతా ముందువైపే ఖర్చుపెట్టి, వెనకవైపుకు వచ్చేసరికి నిద్రపోయాడని నేను అనుకునేవాణ్ణి. అలా అనుకోవడం నా తప్పు. ఎంత తప్పో కాసేపట్లో చూస్తారు.

మేం అక్కడికి ఎందుకు వెళ్ళామంటే, నిన్న గాస్పార్ తన హాల్లో కొంగల్ని చూపించాడు. ఒతీలియా లెక్కపెట్టింది. ఆరే ఉన్నాయి. "పద్యంలో ఏడు ఉన్నాయి కదండీ?" అని అడిగింది. ఆయన నవ్వి, "ఏడోది అద్దంలో ఉండదు సెన్యోరేతా, అది కవి ఆత్మ," అన్నాడు. ముప్పై ఏళ్ళుగా ఆ ఆత్మ మీద ఉపన్యాసాలు ఇస్తున్నాడు. ఇద్దరు పండితులు వ్యాసాలు కూడా రాశారు. రాత్రి ఒతీలియా వాళ్ళమ్మకు మళ్ళీ ఫోను చేస్తే, ఆవిడ తేలిగ్గా అందట: "ఆత్మా గీత్మా కాదే, కొంగే. దిగేటప్పుడు కనపడదు, ఎక్కేటప్పుడు కనపడుతుంది." ఏ మెట్లు ఎక్కేటప్పుడో అడిగేలోపు నాణేలు అయిపోయి ఫోను తెగిపోయింది. ముందుమెట్ల మీంచి హాలు అద్దాల గోడ ఎక్కడా కనబడదు. ఇక మిగిలింది వెనకమెట్లే.

మొదటి మలుపు దగ్గర ఒతీలియా ఆగింది. "తాతా, ఇంకోసారి చెప్పండి. ఆనాటి పద్యాల పోటీలో అమ్మ పేరున్న కవరు ఏమైంది?"

"చెప్పాను కదమ్మా. కుంపట్లోంచి నిప్పురవ్వ ఎగిరింది. పిచ్చుకలా ఎగిరి కవరు మీద వాలింది."

"పిచ్చుకలా."

"ఊ."

"మూడు రోజుల్లో మీరు చెప్పిన ఎలుక పిల్లిని తరిమింది, గాడిద ప్రసంగం చేసింది. ఇప్పుడు పిచ్చుక. తాతా, రేపు పదిన్నరకి మా అమ్మ రైలు దిగుతుంది. నాకు పిచ్చుక వద్దు."

ఆ గొంతులో కోపం ఉంటే తట్టుకునేవాణ్ణి. అందులో ఉన్నది భయం. రైలు దిగే తల్లి ముఖం ఎలా చూడాలన్న భయం. నా కాళ్ళు ఆ మెట్టు మీద ఆగిపోయాయి. పదకొండేళ్ళు నలభై కిలోల బస్తాలు మోసిన మెట్లవి, ఏనాడూ అంత బరువనిపించలేదు.

"పిల్లా, కూర్చో," అన్నాను.

"టైము లేదు."

"అయితే నిలబడే విను. రవ్వ ఎగరలేదు. నేనే వేశాను."

చెప్పేశాను. ముప్పై ఏడేళ్ళ కిందటి మాట, మాద్రిద్ దొరలు మన భాషను అణచిపెట్టి, అందులో పద్యం చదివితే పోలీసులు వచ్చే రోజులవి. ఆ సంవత్సరం పద్యాల పోటీ, మేం పూల పోటీ అంటాం, దొంగచాటుగా ఈ ఇంటి హాల్లోనే పెట్టారు. ఎవరి పుట్టినరోజో అన్నట్టు మిఠాయిలు, మూసిన కర్టెన్లు, పాతికమంది పెద్దమనుషులు. గెలిచిన పద్యానికి ఒక తాజా పువ్వు బహుమతి, అంతే. ఆ పువ్వు కోసం జైలుకు పోవడానికి సిద్ధపడి వచ్చారు. పద్యాలు ఎవరివో చేతిరాతను బట్టి తెలియకూడదని ఒకాయన అన్నీ తన చేత్తో తిరగరాసి, అసలువి చించేశాడు. పేర్లేమో మూసిన కవర్లలో ఉంటాయి. కవరు మీద కవి పెట్టుకున్న గుర్తుమాట మాత్రం ఉంటుంది. గెలిచినవాళ్ళ కవరు ఒక్కటే విప్పుతారు. ఓడినవాళ్ళవి విప్పకుండా అందరి ఎదుటా నిప్పులో వేస్తారు. ఎవరు ఓడారో ఎవరికీ తెలియకూడదు, అది మావాళ్ళ మర్యాద. కుంపటి తెచ్చినవాణ్ణి నేను కాబట్టి నిప్పులో వేసే పనీ నాకే ఇచ్చారు.

"గెలిచింది 'ఉప్పుకల్లు', అలా రాసున్నది పక్కన పెట్టు బాల్దిరీ, మిగతావి వేసెయ్, అన్నారు. అలాగే దొరా అన్నాను."

"వేరేది పక్కన పెట్టారా? ఎందుకు?"

"నాకు చదవడం రాదు కనుక."

ఆమె నన్ను కిందినుంచి పైకి చూసింది. "మీరు రోజూ పొద్దున పేపరు చదువుతారు. నేను చూశాను."

"పట్టుకుంటాను. చదవను. మా పల్లెబళ్ళో పంతులు మాద్రిద్ వాళ్ళ భాష నేర్పబోయాడు, అదీ బెత్తంతో, ఒక్క అక్షరమూ ఎక్కలేదు. నేను మా అమ్మతో మాట్లాడే మాట కాగితం మీద ఎలా ఉంటుందో నాకు ఎవరూ చూపించలేదు. అంతమంది పెద్దమనుషుల ముందు, వాళ్ళంతా ప్రాణాలకు తెగించి వచ్చిన భాష నాకు చదవడం రాదని ఎలా చెప్పను? శుభ్రంగా కనబడిన కవరు ఒకటి పక్కన పెట్టి మిగతావన్నీ వేసేశాను. పక్కన పెట్టింది చూస్తే పెళ్ళిపాట రాసిన ఇంకెవరిదో కవరు. 'ఉప్పుకల్లు ఎవరు?' అని మూడుసార్లు అడిగారు. అప్పుడు రవ్వ ఎగిరిందన్నాను. నా జన్మలో జనం నమ్మిన అబద్ధం అదొక్కటే."

ఒతీలియా తిడుతుందేమో అని చూశాను. తిట్టలేదు. ఇనుపకడ్డీ పట్టుకుని మిగతా మెట్లు ఎక్కడం మొదలుపెట్టింది. అంతకంటే తిట్టినా బావుండేది.

రెండో మలుపులో వెలుతురు కోసం వదిలిన బావిలాంటి ఖాళీ వైపు ఒక చిన్న కిటికీ ఉంది. దాని మీద వంటిళ్ళ జిడ్డు, నా బొగ్గు మసి కలిసి జాడీ మూతంత మందంగా పేరుకున్నాయి. ఒతీలియా మెడలోని రుమాలు తీసి తుడవసాగింది. అరచేయంత గాజు తేటపడింది. ఇద్దరం తలలు ఆనించి చూశాం.

ఖాళీకి అవతల, గాస్పార్ హాలు వెనక గోడ మొత్తం వెలుగుతోంది. లోపల దీపాలు వేసుకుని ఉపన్యాసం వల్లె వేస్తున్నాడు కదా, రంగుటద్దాలన్నీ మండుతున్నట్టున్నాయి. ఆకుపచ్చ రెల్లు, నీలం నీళ్ళు, వాటి మీద నుంచి పైకి లేస్తున్న తెల్లటి కొంగలు. హాల్లో నిలబడి చూస్తే అవి బల్లల వెనకా కుర్చీల వెనకా ఇరుక్కున్నట్టుండేవి. ఇక్కడి నుంచి ఒక్క వరసలో, ఒకదాని వెనక ఒకటి.

"ఒకటి, రెండు, మూడు..." ఆమె గాజు మీద వేలు పెట్టి లెక్కపెట్టింది. "నాలుగు, అయిదు. ఆరు."

ఆరో కొంగ ముక్కు హాలు పైకప్పు దాకా వెళ్ళి ఆగింది. దానిపైన చీకటి.

"ఏడోది లేదు తాతా."

"పైన ఇంకా అద్దం ఉన్నట్టుంది..."

"చీకటి ఉంది. అద్దం కాదు." గోడకు జారగిలబడింది. "అమ్మ తప్పు చెప్పిందా? అమ్మ అసలు రాసిందా? ఇన్నేళ్ళూ నాకు పడుకోబెడుతూ..." మాట మింగేసింది. తల్లి మీద అనుమానపు మాట పైకి అనడానికి నోరు రాలేదు.

కింద నుంచి తెక్లా గుసగుసగా అరిచింది. గుసగుసగా అరవడం ఆవిడ ఒక్కదానికే వచ్చు. "అయిందా? ఏం చూస్తున్నారు అక్కడ?"

"తెక్లా, హాలు పైన ఏముంది?"

"ఇస్త్రీ గది. పనిపిల్లలు ఉన్న రోజుల్లో. ఇప్పుడు పాత పరుపులు పడేశారు."

ఒతీలియా నా చెయ్యి పట్టుకుంది. గోళ్ళు దిగాయి. "దీపం ఉందా అక్కడ?"

"ఉంటే?"

"వెయ్యండి. సెన్యోరా తెక్లా, మీకు దణ్ణం పెడతాను, వెయ్యండి."

"నా మోకాళ్ళకు దణ్ణం పెట్టు తల్లీ, ఎక్కాల్సింది అవి," అంటూనే తెక్లా మమ్మల్ని రాసుకుంటూ పైకి వెళ్ళింది. తాళాలు గలగలమన్నాయి. తలుపు కిర్రుమంది. ఖాళీకి అవతల నుంచి ఆవిడ సణుగుడు వినబడుతోంది: "ఎవడో గానీ పరుపులన్నీ కిటికీకే ఆనించాడు... చచ్చాను... దుమ్ము..." ఒక పరుపు దబ్బున పడింది. కింద హాల్లో గాస్పార్ గొంతు ఠక్కున ఆగింది.

ఆ నిశ్శబ్దంలో స్విచ్చు టిక్కుమంది.

పైన చీకటి లేదు. పైన అద్దమే ఉంది. కింది గోడకు కొనసాగింపుగా ఇస్త్రీ గది వెడల్పున మరో పలక. అందులో రెల్లు లేదు, నీళ్ళు లేవు, ఒక కప్పు అంచు, దాని మీద ఒక కొంగ. ఆరూ ఎగురుతుంటే ఇది మాత్రం ఒంటికాలి మీద నిలబడి, మెడ తిప్పి, నేరుగా వెనకమెట్ల వైపు చూస్తోంది. మనవైపు. బస్తా మోసేవాడి వైపు, బకెట్టు పట్టుకున్న పనిపిల్ల వైపు. ఇల్లు కట్టినవాడు నిద్రపోలేదు. నేనే పదకొండేళ్ళలో ఒక్కసారి తలెత్తలేదు. ఆ అద్దాల మేస్త్రీ ఆ కొంగను అక్కడ ఎందుకు నిలబెట్టాడో మంచి కథ ఒకటి చెప్పగలను గానీ, ఆ క్షణాన నాకు అబద్ధం కూడా తోచలేదు.

ఒతీలియా పెదాలు కదిలాయి. పద్యం చెబుతోంది, తనలో తనే.

"ఆరు కొంగలు ఎగిరిపోయాయి,
ఏడోది ఒంటికాలి మీద నిలబడింది,
ఇంటికి ఎవరు రావాలో
దానికొక్కదానికే తెలుసు."

మా వెనక వంటింటి తలుపు తెరుచుకుంది. గాస్పార్ విలరెగుత్. అరవై ఆరేళ్ళు, పట్టు మెడరుమాలు, చేతిలో ఉపన్యాసం కాగితాలు. ఆ తలుపులోంచి ఆయన బయటికి రావడం నేను ఎన్నడూ చూడలేదు. వెనకమెట్లు తన ఇంట్లోవి కావన్నట్టు బతికిన మనిషి.

"నా ఇంట్లో దొంగతనంగా ఏం వెతుకుతున్నావురా బాల్దిరీ?"

"మీ ఆత్మ, సెన్యోర్ గాస్పార్. దొరికింది. రండి, చూద్దురు గానీ."

తోసుకుంటూ వచ్చాడు, కేకలేయడానికి నోరు తెరిచాడు. అప్పుడు కిటికీలో వెలుగు ఆయన కంట పడింది. వంగి చూశాడు. చాలాసేపు చూశాడు. కాగితాలు పట్టుకున్న చెయ్యి నెమ్మదిగా కిందికి దిగింది.

"ఒంటికాలి మీదే నిలబడింది," అన్నాడు, ఎవరితోనో కాదు, తనతో తనే. "నేను ఈ ఇంట్లోనే పుట్టాను."

"పుట్టింది ముందువైపు," అన్నాను.

ఒతీలియా ఆయనకు ఎదురుగా నిలబడింది. "ఇది చూడనివాళ్ళు ఆ పద్యం రాయలేరు. మీరు ఇప్పుడే చూశారు. మా అమ్మ రాసింది. మీరు దొంగిలించారు."

గాస్పార్ మెట్టు మీద కూలబడ్డాడు. మంచి ప్యాంటుకు నా పాత మసి అంటుకుంది. "ఆ పూట నేను దొంగిలించలేదమ్మా," అన్నాడు. "దొంగతనం తరవాత జరిగింది. నెమ్మదిగా. ఏడాదికి కాస్త కాస్త."

"అంటే?"

"మూడోసారి 'ఉప్పుకల్లు ఎవరు' అని అడిగినప్పుడు నేను వంటింట్లో ఉన్నాను. మీ అమ్మ పళ్ళెం పట్టుకుని గుమ్మంలో నిలబడి ఉంది. ముఖం పాలిపోయింది. ఏమైందే అని అడిగాను. 'అది నాది. ఆ బొగ్గులాయన నిప్పులో వేశాడు, నేను చూశాను. కవర్లు తలకిందులుగా పట్టుకుని చదువుతున్నాడు' అంది." గాస్పార్ నా వైపు చూడకుండానే చెప్పాడు. "పద, వెళ్ళి చెప్పు, అన్నాను. 'చెబితే ఆ మనిషికి చదవడం రాదని అందరికీ తెలుస్తుంది. ఇంతమందిలో వాడి పరువు పోతుంది. మీరు లేచి నాది అనండి. మీరంటే ఎవరూ ఏమీ అనరు. తర్వాత చూసుకుందాం' అంది. లేచాను. రెండు నెలలకు ఆమె సరిహద్దు దాటి వెళ్ళిపోయింది. తర్వాత చూసుకోవడం అనేది రాలేదు."

ముప్పై ఏడేళ్ళు నేను దాచుకున్న సిగ్గును ఒక పనిపిల్ల నాకంటే ముందే చూసి, తన పేరు ఇచ్చి కొనుక్కుని, మోసుకుంటూ దేశం దాటి పోయింది. ఆమె ముఖం గుర్తు తెచ్చుకుందామని చూశాను. పళ్ళెం గుర్తొచ్చింది. ముఖం రాలేదు.

"ఈ మాట సెన్యోరా ఎంగ్రాసియాకి చెప్పండి," అంది ఒతీలియా. "ఇప్పుడే. ఏడు కాకముందే."

"చెప్పనక్కర్లేదు, వస్తున్నా," అని కింద నుంచి వగర్చుతూ ఒక గొంతు. సెన్యోరా ఎంగ్రాసియానే. పెద్ద చేతిసంచీ, పొట్టి కాళ్ళు, ఎవరినీ లెక్కచేయని ముక్కు. "కుమ్మరి మూడుసార్లు ఫోను చేశాడు, ఏ పేరు రాయాలని. ఇక్కడేమో సంత పెట్టారు. ఏమిటి సంగతి? రెండు ముక్కల్లో."

ఒతీలియా ఆమెను కిటికీ దగ్గరికి లాక్కెళ్ళింది. ఎంగ్రాసియా కళ్ళజోడు పైకెత్తి, కిందికి దించి, లెక్కపెట్టింది. రెండోసారి లెక్కపెట్టింది. "ఏడు," అంది. ఆ మాట అన్నప్పుడు ఆవిడ గొంతులో కార్యదర్శి లేదు. గాస్పార్ వైపు తిరిగింది. "అయితే ఆత్మ ఏమైంది గాస్పార్?"

ఆయన ఉపన్యాసం కాగితాలు మడిచి జేబులో పెట్టుకున్నాడు.

"రాసింది మీరు కాదు. సరే. ఎవరు మరి?"

"మా అమ్మ," అంది ఒతీలియా. "ఇక్కడ పనిచేసింది. ఈయన ఇప్పుడే ఒప్పుకున్నారు."

"గాస్పార్?"

గాస్పార్ మోకాళ్ళ మీది మసి దులుపుకుంటున్నాడు. తల ఎత్తలేదు. రేపు పన్నెండింటికి ఊరంతా గుమ్మం ముందు ఉంటుంది. అందరి ముందూ పనిపిల్ల పద్యం ఎత్తుకుపోయినవాడిగా నిలబడాలి. ఆ లెక్క ఆయన నుదుటి మీద నడుస్తుంటే నేను చూస్తూనే ఉన్నాను.

ఎంగ్రాసియా నిట్టూర్చింది. "అమ్మాయ్, నీ మాట కాదనను. కానీ అద్దంలో కొంగ ఎవరి పేరూ చెప్పదు. ఈ మెట్లు ఎక్కిన ప్రతివాళ్ళూ దాన్ని చూసి ఉండచ్చు. వంటవాళ్ళు, చాకలివాళ్ళు..." అని ఆగింది. ఆగి, ముక్కు తిప్పి నా వైపు చూసింది. ఆ చూపు నాకు నచ్చలేదు. "బాల్దిరీ. ఈ మెట్ల మీద అందరికంటే ఎక్కువ తిరిగింది నువ్వు. ఈ పేటలో నోరు తెరిస్తే కథలల్లేది కూడా నువ్వే. పోటీ రోజున కుంపటి దగ్గర ఉన్నదీ నువ్వే. ఆ పద్యం నీదా?"

నవ్వబోయాను. నా నవ్వు బయటికి రాకముందే గాస్పార్ లేచి నిలబడ్డాడు.

"అవును," అన్నాడు. గొంతు ఎంత స్థిరంగా ఉందంటే, ఉపన్యాసాల్లో కూడా నేను అంత స్థిరంగా వినలేదు. "వాడిదే. బొగ్గులవాడు పద్యం రాశాడంటే నవ్వుతారని భయపడి, నన్ను లేవమని బతిమాలాడు. మాట ఇచ్చాను కాబట్టి ఇన్నేళ్ళూ నోరు విప్పలేదు."

దొంగ కాస్తా దాత అయిపోయాడు, ఒక్క గుక్కలో.

"అబద్ధం!" ఒతీలియా కేక ఖాళీలో మోగింది. అవతల ఇస్త్రీ గదిలోంచి తెక్లా తల బయటికి పెట్టింది.

"సెన్యోరా," అన్నాను. "నేను రాయలేదు. నాకు మన భాష చదవడమే రాదు. ఆ కవరు కాల్చింది అందుకే. నాకు అక్షరం రాదు."

ఎంగ్రాసియా ఒక క్షణం నా ముఖంలోకి చూసింది. తర్వాత నవ్వడం మొదలుపెట్టింది. ఇనుపకడ్డీ పట్టుకుని, కళ్ళు తుడుచుకుంటూ నవ్వింది. "రోజూ నా ముందే పేపరు తిరగేస్తావు! గంటల కథ, గాడిద కథ, అన్నీ విన్నాను బాల్దిరీ. వాటన్నిట్లోకీ ఇదే పెద్దది. సిగ్గుపడకయ్యా. బొగ్గులాయన పద్యం! ఊరు పండగ చేసుకుంటుంది." అంటూ సంచీ భుజానికి తగిలించుకుని టకటకా మెట్లు దిగింది.

చదవగలనని రుజువు చెయ్యమంటే ఏదో తంటాలు పడొచ్చు. చదవలేనని ఎలా రుజువు చెయ్యాలి? మీలో ఎవరికైనా తెలిస్తే చెప్పండి.

ఒతీలియా నా చెయ్యి వదిలేసింది. ఎప్పటి నుంచి పట్టుకుని ఉందో గమనించలేదు గానీ, వదిలినప్పుడు తెలిసింది. ఒక మెట్టు వెనక్కి వేసింది. ఆ కళ్ళలో ఉన్నది కోపం కాదు, అనుమానం.

"తాతా," అంది మెల్లగా, "ఇందాక మెట్ల మీద నాకు చెప్పినది కథా? ఇప్పుడు ఈయన చెప్పినది కథా?"

నోరు తెరిచాను. డెబ్బై మూడేళ్ళుగా కథలు చెప్పిన నోరు నిజం చెప్పినా కథలాగే వినబడుతుంది. కింద తెక్లా గదిలో ఫోను తిప్పుతున్న చప్పుడు వినబడింది. ఆ తర్వాత ఎంగ్రాసియా గొంతు, చెవిటి కుమ్మరికి అర్థమయ్యేలా, గట్టిగా, ఒక్కో అక్షరమూ విడదీసి, నా పేరు చెబుతోంది.